మరిడమ్మ కొంగున వర్జ్యాలు

"లాకు తియ్యర మావ, నీరు నిండిందీ...
పొద్దు కాసేపాపు, పడవ ఆగిందీ..."

ఆ తర్వాత "కొంగు ముడి" అని ఏదో వస్తుంది. ఎంత గింజుకున్నా గుర్తు రావడం లేదు. చిన్నప్పుడు పాత లాకుల మీదుగా పోయేటప్పుడు భయానికి పాడుకునేవాళ్ళం. పాట అయ్యేలోగా లాకులు దాటేయాలి. ఇప్పుడు పాట సగమే మిగిలింది. లాకులు మాత్రం అలాగే ఉన్నాయి.

మా ఊరి నుంచి తణుకు వెళ్ళే కాలవగట్టు మీద ఉన్నాయవి. పడవలు నడిచే రోజుల్లో నీళ్ళు ఆపడానికి కట్టినవి. పడవలు పోయాయి, లాకులు తీసే లస్కరూ పోయాడు. ఆయన ఇల్లొక్కటి కిటికీ తలుపులు ఊడిపోయి నిలబడి ఉంది. ఆ ఖాళీ ఇంట్లోనే మరిడమ్మ అనే మంత్రగత్తె చేరిందట.

మరిడమ్మ విద్య వేరు. నిమ్మకాయలూ ముగ్గులూ అక్కర్లేదు. జనం పారేసిన కాలాన్ని ఏరుకునేదట. వర్జ్యమని, దుర్ముహూర్తమని, రాహుకాలమని మనం రోజూ ఎంత కాలం వదిలేస్తాం! "ఇప్పుడొద్దు" అని ఎవరైనా అనడం ఆలస్యం, ఆ కాలాన్ని తెచ్చి కొంగున ముడేసుకునేది. ఆ ముడుల్లోనే దాని బలమంతా. ఒక ముడి విప్పితే ఈనలేక అల్లాడే గేదె ఈనేది. రెండు విప్పితే విడవని జ్వరం విడిచేది. ఒకాయన పొలం తగాదా కోర్టులో ఉందని వస్తే మాత్రం, "నా కొంగంతా విప్పినా చాలదు నాయనా" అని దణ్ణం పెట్టి పంపేసిందట.

కొన్నాళ్ళకి మరిడమ్మ కాలం చేసిందన్నారు. ఈ వయసులో రాత్రిబడికి వెళ్ళి అక్షరాలు దిద్దుకుంటూ ఆ రెండు మాటలూ రాస్తే నా చేతిలో బలపం ఆగిపోయింది. కాలం చేసింది... అంటే చచ్చిపోయిందనా? ఇంకా చేస్తూనే ఉందనా? మాస్టారిని అడిగితే, "మామ్మగారూ, ముందు కొమ్ములు సరిగ్గా పెట్టండి" అన్నాడు.

ఊరు మాత్రం చేస్తూనే ఉందంది. చీకటి పడ్డాక లాకుల దగ్గర ఊరికే ఆగితే మన కాలం కూడా లాగేసుకుంటుందని పేరు. బీడీ ముట్టించుకోడానికి ఆగినవాడు తెల్లారి ఇల్లు చేరేవాడు. "ఒక్క బీడీయేనే, ఒట్టు!" అనేవాడు పెళ్ళాంతో. మా ఊళ్ళో తెల్లారి ఇల్లు చేరే మగాళ్ళు కాస్త ఎక్కువే. అందరికీ మరిడమ్మే దిక్కు.

ఇక బుల్లిరాజుగారి సంగతి. మా పక్కిల్లే. చేపల చెరువులున్న ఆసామి. పంచాంగం చూడందే చెప్పులో కాలు పెట్టరు. వర్జ్యంలో ఇంట్లో కుంకుడుకాయ కూడా కొట్టనివ్వరు. మరిడమ్మ ఒళ్ళు చేసిందంటే అది ఆయన చలవేనని మేం నవ్వుకునేవాళ్ళం. ఆయన భార్య సూర్యకళ మాత్రం నవ్వేది కాదు. నోట్లో నాలుక లేని మనిషి.

ఊళ్ళోకి కేబుల్ టీవీ వచ్చిన ఏడాది... వాళ్ళ కోడలు శ్రీసత్యకి రెండో కాన్పు. చీకటి పడుతుండగా నొప్పులొచ్చాయి. పెద్దపిల్లని నా దగ్గర పడుకోబెట్టి, జీపులో తణుకు ఆసుపత్రికి బయల్దేరారు. కొడుకు గణేష్‌బాబు తోలుతున్నాడు. పక్కన బుల్లిరాజుగారు. వెనక సూర్యకళ ఒళ్ళో శ్రీసత్య తల.

సరిగ్గా లాకుల దగ్గరకొచ్చాక ఆయన వాచీ మీద టార్చి వేశారు.

"ఆపరా!"

"ఇక్కడా నాన్నా?"

"వర్జ్యం వచ్చేసింది. గంటన్నర. మనవడు వర్జ్యంలో పుడితే ఇంకేమన్నా ఉందా? అది వెళ్ళాకే ఆసుపత్రిలో అడుగు పెడదాం."

"మరిడమ్మ లాకులు నాన్నా..."

"దెయ్యానికి తాయెత్తుందిరా. వర్జ్యానికేముంది?"

వెనక శ్రీసత్య పళ్ళు బిగబట్టి మూలుగుతోంది. ఉమ్మనీరు పోయింది.

"ఏవండీ..." సూర్యకళ గొంతు వినీ వినపడకుండా ఉంది. "పిల్ల కళ్ళు తేలేస్తోందండీ..."

"కాసేపు ఆపుకోమను."

సూర్యకళ కోడలి తల కింద దుప్పటి మడిచి పెట్టి, కొంగు తడిపి తెస్తానని కాలవ మెట్లు దిగింది.

బుల్లిరాజుగారు జీపు దిగి గట్టు మీద నిలబడ్డారు. వాచీ చూసుకున్నారు. ముల్లు కదిలినట్టే లేదు... కాలవలో కప్పల అరుపులు ఒక్కసారిగా ఆగిపోయాయి...

ఖాళీ ఇంటి కిటికీలోంచి —

"బుల్లిరాజూ..."

ఆయన బిగుసుకుపోయారు. తల్లి పోయాక ఆయన్ని గారు లేకుండా పిలిచిన మనిషి లేదు.

"బుల్లిరాజూ... నువ్వు పారేసిందంతా నా కొంగునే ఉందిరా..."

"ఎ... ఎవరూ?"

"ఈ గంటన్నర కూడా నాకేనా?... బిడ్డతో సహా ముడేసుకోనా?"

టార్చి కాలవలో పడింది. ఆయన జీపులో పడ్డారు.

"పోనీ! పోనీరా!"

"అమ్మ రాలేదు నాన్నా!"

"మీ అమ్మకి దెయ్యాలంటే భయం లేదురా, నువ్వు పోనీ!"

కదులుతున్న జీపు వెనక తడి కొంగుతో పరిగెత్తుకొచ్చి, ఎలాగో ఎక్కింది సూర్యకళ.

ఆడపిల్ల పుట్టింది. బొడ్డుపేగు మెడకి చుట్టుకుందట. ఇంకాస్త ఆలస్యమైతే తల్లీ బిడ్డా ఇద్దరూ దక్కేవారు కాదంది డాక్టరమ్మ. ఆ మాట విని బుల్లిరాజుగారు గోడకి చేరగిలబడి ఏడ్చేశారట. అప్పటికి వర్జ్యం ఇంకా వెళ్ళనే లేదు.

మర్నాడు ఊరంతా వాళ్ళ అరుగు మీదే. "పేరు పెట్టి పిలిచింది! 'రా' అంది నన్ను!" అని ఆయన చెప్పిందే చెబుతుంటే, "మీ ఆవిడేమో చూసుకోండి" అన్నారెవరో. ఒకటే నవ్వులు. రేషన్ షాపులో మొగుడి పేరడిగితే పక్కవాళ్ళ చేత చెప్పించే మనిషి సూర్యకళ! దాంతో అది మరిడమ్మేనని ఖాయమైపోయింది.

లాకుల దగ్గర మరిడమ్మకి గుడి కట్టిస్తానని బుల్లిరాజుగారు మొక్కుకున్నారు. శంకుస్థాపనకి మంచి ముహూర్తం ఇప్పటికీ కుదరలేదు.

మొన్న కార్తీకంలో సూర్యకళ కాలం చేసింది. ఈ మాట రాస్తుంటే మళ్ళీ నా చెయ్యి ఆగింది.

పోయేముందు చూడ్డానికి వెళ్ళాను. ఆ రాత్రి పుట్టిన పిల్లే మంచం పక్కన కూర్చుని నానమ్మకి బత్తాయి తొనలు ఒలిచి పెడుతోంది. పిల్ల గ్లాసు కోసం లోపలికెళ్ళినప్పుడు, ఇన్నేళ్ళుగా మనసులో ఉన్నది చెవిలో అడిగాను.

"సూర్యకళా... ఆ కిటికీలో..."

నవ్వింది. నేను బుగ్గలు నొక్కుకున్నాను.

"ఓసి నీ దుంపతెగ! మొగుణ్ణి పేరు పెట్టి పిలిచావుటే? పైగా 'రా' అన్నావా?"

దుప్పట్లోంచి చెయ్యి తీసి నా చెయ్యి పట్టుకుంది.

"వర్జ్యంలో అన్నది లెక్కలోకి రాదులే వదినా..."