పిట్ట ముట్టని ముద్ద

దుబాయ్ దగ్గరి ఉమ్ అల్ క్వైన్‌లో చలికాలం సాయంత్రాలు బాగుంటాయి. ఎండ తగ్గి, సముద్రం మీంచి చల్లగాలి వస్తుంది. ఆ గాలి కోసమే జనం మా దగ్గర క్యారవాన్లు అద్దెకు తీసుకుంటారు. క్యారవాన్ అంటే చక్రాల మీద ఇల్లు. కారు వెనక తగిలించి ఎక్కడికంటే అక్కడికి లాక్కుపోవచ్చు. లోపల మంచం, సింకు, పొయ్యి, పొయ్యి కింద గ్యాస్ ఓవెన్. ఏసీ ఇళ్లున్నవాళ్లు ఇసుకలో పడుకోవడానికి ముచ్చటపడతారు. ఇసుకలో పనిచేసే మేమేమో ఏసీ ఇంటికి ముచ్చటపడతాం. ఎవరి పిచ్చి వారికానందం.

ఆ క్యారవాన్లలో గ్యాస్ పని నాది. నాకంటే ముందు మా అన్న పర్శరాములుది. మా ఇద్దరికీ వీసాలు ఇప్పించి తెచ్చినవాడు, మా మీద ఫోర్‌మన్‌గా ఉన్నవాడు రాజలింగం. మా మండలం మనిషే. సొంతవాడని వెంట వచ్చాం. కుక్కతోక పట్టుకుని గోదారి ఈదడమంటే ఏమిటో ఇక్కడికొచ్చాకే తెలిసింది.

ఓవెన్ సంగతి కొంచెం చెప్పాలి. లోపల మంట పక్కన వేలెడంత రాగి పుల్ల ఒకటి ఉంటుంది. నాబ్ తిప్పి, లోపలికి ఒత్తిపట్టి, అగ్గిపుల్లతో వెలిగించి, ఆ రాగి పుల్ల వేడెక్కేదాకా ఒత్తే ఉంచాలి. అది వేడెక్కాక వదిలినా మంట నిలుస్తుంది. గాలికి మంట ఆరితే పుల్ల చల్లబడి గ్యాస్ దానంతటదే ఆగిపోతుంది. అన్న దాన్ని కాపలా పుల్ల అనేవాడు. కాపలా పాడైతే మంట నిలవదు, మార్చాల్సిందే.

కిందటి చలికాలం ఒక క్యారవాన్‌లో అది పాడైంది. కొత్తది వచ్చేదాకా ఓవెన్ ముట్టొద్దన్నాడు అన్న. అన్న లేని సమయం చూసి రాజలింగం ఆ నాబ్‌ను లోపలికి నొక్కి, కదలకుండా బైండింగ్ వైరుతో కట్టేసి, వెలిగించి చూపించి, "ఖలాస్, తీసుకపోండ్రి" అని గిరాకీకి అప్పగించాడు. రాత్రి గాలికి మంట ఆరింది. కాపలా లేదు కదా, గ్యాస్ వస్తూనే ఉంది. ఆ కుటుంబం బయట డేరాలో పడుకుంది కాబట్టి బతికింది. పొద్దున వాసన వస్తోందని ఫోన్ చేస్తే అన్న వెళ్లాడు. సిలిండర్ కట్టేసి, కిటికీలు తెరుద్దామని లోపలికి ఉరికాడు. సరిగ్గా అప్పుడే ఫ్రిజ్ దానంతటది ఆన్ అయింది. ఒక్క నిప్పురవ్వ చాలు.

"పర్శరాములే వైరు కట్టిండు. మంచోడే గని తొందరెక్కువ" అని ముదీర్‌కు, అంటే మేనేజర్‌కు, చెప్పాడు రాజలింగం. పైగా కళ్లొత్తుకున్నాడు. దొంగే దొంగా దొంగా అని అరిచినట్టు. అన్నకు వైరు ముడి వేయడమే రాదు. రాజలింగం మాత్రం దుబాయ్ వచ్చిన కొత్తలో బిల్డింగుల మీద ఇనుప సలాకలు వైరుతో కట్టిన మనిషి. ఆ ముడి ఎవరిదో క్యాంపులో అందరికీ తెలుసు. నోరు విప్పినవాడు లేడు.

అన్న పెట్టెలో ఇంటికి పోయాడు. నాకు సెలవివ్వలేదు. మూడో రోజు పిట్టకు పెట్టేటప్పుడు వీడియో కాల్‌లో చూశాను. మా వైపు చనిపోయినవాడికి ఇష్టమైనవన్నీ వండి ఆకులో పెడతారు. కాకి వచ్చి ముట్టుకుంటే అతనికి తృప్తి. ముట్టకపోతే ఏదో కోరిక మిగిలిందని. ఆ రోజు కాకులు గోడ మీద వరసగా కూర్చున్నాయి. ఒక్కటీ దిగలేదు. మటన్ పెట్టారు, కల్లు పోశారు, దిగలేదు. మమ్మల్ని కన్న మా అవ్వ సమ్మవ్వ ఫోన్ ఆకు దగ్గర పెట్టి, "నువ్వన్న ఒక మాటియ్యి బిడ్డా" అని ఏడ్చింది.

"అన్నా, తిను. రాజలింగం గాన్ని అదే పొయ్యిల కాలుస్త. ఇది నా మాట" అన్నాను. కాకులన్నీ ఒక్కసారి ఆకు మీద పడ్డాయి. మాట పెదవి దాటితే పృథివి దాటుతుందంటారు. నా మాట సముద్రం దాటింది.

మళ్లీ చలికాలం వచ్చింది. తెల్లారితే అన్న పోయిన యాడాది, మళ్లీ పిట్టకు పెట్టే రోజు. ఆ సాయంత్రమే రాజలింగం నన్ను బండెక్కించుకుని సముద్రం ఒడ్డుకు తీసుకెళ్లాడు. అక్కడ తెల్లగా మెరుస్తూ ఒక క్యారవాన్. గోడలు కొత్తవి, రంగు కొత్తది. దగ్గరికెళ్లి చూస్తే చక్రాలు పాతవే. అన్న పోయిన క్యారవాన్ అది.

"సీజన్ కద రాకేశ్ తమ్మీ, అన్నీ బుక్ అయినయ్. పొద్దుగాల గిరాకీ వస్తది. ఓవెన్ల మంట నిలుస్తలేదు, జర సూడు."

"నువ్వు రావా లింగన్నా?"

"నేను గా బండెక్క" అన్నాడు. నా మొహం చూడకుండా లైటర్‌తో సిగరెట్ ముట్టించి, దూరంగా కుర్చీ వేసుకుని కూర్చున్నాడు. ఏడాదిగా అతను దాని గడప తొక్కలేదని నాకు తెలుసు. తప్పు చేసినవాడి భయం అది. చూడటానికి నాకు హాయిగా ఉండేది.

అన్న నేర్పినట్టే మొదలుపెట్టాను. కిటికీలు, పైకప్పు మూత తెరిచాను. గ్యాస్ బరువుగా ఉండి కిందికి దిగుతుంది కాబట్టి మోకాళ్ల మీద వంగి నేల దగ్గర వాసన చూశాను. ఏమీ లేదు. బయట ముందువైపు అరలో ఉన్న సిలిండర్ తిప్పి, పైపు అతుకులకు సబ్బునురుగు రాశాను. బుడగలు లేవు. ఓవెన్ తలుపు తెరిచి, నాబ్ ఒత్తి వెలిగించాను. నీలం మంట లేచింది. కాసేపాగి వదిలాను. ఆరిపోయింది. లోపల నిలిచిన గ్యాస్ పోయేదాకా ఆగి టార్చి వేసి చూస్తే సంగతి తెలిసింది. కాపలా పుల్ల వంగి మంటకు దూరంగా ఉంది. మసి తుడిచి, మెల్లగా మంట మీదికి వంచాను. మళ్లీ వెలిగించాను. ఈసారి నిలిచింది. ఇంత చిన్న పని.

మంట ఆర్పేశాను. బయట సూర్యుడు దిగిపోయాడు. కిటికీలోంచి రాజలింగం సిగరెట్ నిప్పు కనబడుతోంది.

బయట నిప్పు. లోపల గ్యాస్. మధ్యలో ఒక తలుపు.

అప్పుడు నాకు నా మాట గుర్తొచ్చింది. అబద్ధం ఎందుకు, కిటికీలు ఒక్కొక్కటే మూసేశాను. పైకప్పు మూత కూడా. అగ్గిపుల్ల గీయకుండా నాబ్ ఒత్తిపట్టాను. సర్రుమని గ్యాస్ రావడం మొదలైంది. ఒక్క పిలుపు చాలు. అతన్ని ఎలాగో లోపలికి రప్పించి, నేను తప్పుకుంటే చాలు. నా గుండె సంతోషంతో కొట్టుకుంది. అవును, సంతోషంతోనే.

కానీ చేతులు ఒప్పుకోలేదు. అవి అన్న నేర్పిన చేతులు. వాసన వస్తే కట్టేయడమే వాటికి తెలుసు. నాబ్ వదిలేశాను.

గ్యాస్ ఆగలేదు.

వంగి చూశాను. నా వేళ్లు దాని మీద లేవు. అయినా నాబ్ లోపలికి ఒత్తుకునే ఉంది... అప్పుడు వచ్చింది ఇంకో వాసన. కాలిన కొబ్బరినూనె. అన్న తలకు రాసుకునే నూనె.

నాబ్ లాగుదామని చెయ్యి పెట్టాను. నా చేతికి నాబ్ తగల్లేదు. వేళ్లు తగిలాయి. తోలు లేచిపోయి, వేడిగా...

"మాటిచ్చినవు" అంది చీకట్లో ఒక గొంతు.

"అన్నా..."

"పిలువు."

"నా తోటి గాదన్నా. వద్దే."

గ్యాస్ చప్పుడులో ఒక నిట్టూర్పు వినిపించింది. చిన్నప్పుడు నేను బావిలో దూకడానికి భయపడితే అన్న అలాగే నిట్టూర్చేవాడు.

"సరె తియ్. నువ్వు బయటికి పో."

బయటపడ్డాను. సిలిండర్ దగ్గరికి ఉరికి కట్టేయబోయాను. తిప్పుతున్నాను... తిప్పుతూనే ఉన్నాను... అది తిరుగుతూనే ఉంది. ఎంతకీ బిగియదు.

అప్పుడు క్యారవాన్ లోపలి నుంచి ఎవరో పిలిచారు.

"లింగన్నా! అయిపోయింది. ఓసారి లోపటికొచ్చి సూడు."

అది నా గొంతు.

అన్నదీ నాదీ ఒకటే గొంతు. ఫోన్‌లో అవ్వ ఎప్పుడూ "పెద్దోనివా, చిన్నోనివా" అని అడిగేది. కానీ ఇది అన్న గొంతు కాదు. జలుబుతో ఆ రోజు నా గొంతు ఎలా బొంగురుపోయిందో, అచ్చం అలా.

రాజలింగం లేచాడు. నేను అటువైపు అరలోకి వంగి ఉన్నాను, అతనికి కనబడను. మెట్టు దాకా వచ్చి ఆగాడు.

"ఇక్కడికెల్లే సూస్తలే, చెప్పు."

"భయమెందుకే? నేనున్న గద" అంది నా గొంతు, నవ్వుతూ.

లింగన్నా, ఎక్కకు! అని అరిచాను. అరవలేదు. నోరు తెరుచుకుంది, గాలి వచ్చింది, మాట రాలేదు. నా గొంతు నా దగ్గర లేదు. అది లోపల ఉంది.

రాజలింగం సిగరెట్ ఇసుకలో పారేసి, చెప్పుతో నలిపాడు. జాగ్రత్త గల మనిషి. ఎక్కాడు. అతని వెనక తలుపు పడింది. నేను ఉరికి వెళ్లి పట్టుకు లాగాను. రాలేదు. లోపల రాజలింగం అడుగుతున్నాడు.

"రాకేశా... ఏడున్నవ్? లైటెయ్యి... రాకేశా?"

తర్వాత భయంతో మారిన గొంతుతో, మెల్లగా...

"పర్శిగా?"

అగ్గిపుల్ల గీసిన చప్పుడు.

అగ్గిపెట్టె నా జేబులో ఉంది.

నేను ఇసుకలో ఎంత దూరంలో పడ్డానో తెలియదు. కిటికీలన్నీ ఎర్రగా వెలిగాయి. రాజలింగం తెల్లారకముందే ఆసుపత్రిలో పోయాడు. పోలీసులు కాలిపోయిన ఓవెన్ బయటికి తీస్తే నాబ్ లోపలికి నొక్కి బైండింగ్ వైరుతో కట్టేసి ఉంది. ముందు నుంచీ ఉన్నట్టు నల్లగా మాడిపోయి ఉంది. ఈ ముడి వేయడం మీలో ఎవరికి వచ్చని క్యాంపులో అడిగారు. ఈసారి అందరి నోళ్లూ లేచాయి. అందరూ ఒకే పేరు చెప్పారు.

నాకు గొంతు పెగల్లేదు. పొగ పీల్చావు, రెండ్రోజుల్లో అదే వస్తుందన్నాడు డాక్టర్. నేను తల ఊపాను. లోపల మాత్రం బరువు దిగినట్టే ఉంది. అన్న పగ తీరింది. నా చేతికి రక్తం అంటలేదు.

పొద్దున అవ్వ వీడియో కాల్ చేసింది. మాట రాదని చేత్తో సైగ చేశాను. ఆమె చూడలేదు. కెమెరా ఆకు వైపు తిప్పి పట్టుకుంది. అన్నం, మటన్, కల్లు. గోడ మీద వరసగా కాకులు.

"ముడుతలేవు బిడ్డా. రాజలింగం పోయిండని ఊరంత తెలిసె. మల్లెందుకు ముడుతలేవు? ఇంకేం గావాలె వానికి?"

మాటిచ్చింది నేను. చేసింది అన్న. నా మాట అలాగే మిగిలిపోయింది.

"ఇంకో మాటియ్యి బిడ్డా. నీ మాటంటేనే తింటడు వాడు."

తల అడ్డంగా ఊపాను. పెదవులు గట్టిగా బిగబట్టి, రెండు చేతులతో నోరు మూసుకున్నాను. గదిలో నేనొక్కడినే ఉన్నాను. ఏ చప్పుడూ లేదు.

కాకులన్నీ ఒక్కసారి ఆకు మీద పడ్డాయి.

ఫోన్ మెల్లగా అవ్వ మొహం వైపు తిరిగింది. ఆమె నన్ను చూసి భయపడుతోంది. అన్న పోయిన మూడో రోజు కాల్‌లో కూడా ఆమెను అలా చూడలేదు.

"గంత మాట ఎందుకిచ్చినవ్ బిడ్డా?" అంది.

ఏ మాట అవ్వా అని అడగబోయాను. నా గొంతు ఇంకా అన్న దగ్గరి నుంచి తిరిగి రాలేదు.