బందెలదొడ్డి మూలన తలుపు కొట్టేవాడు

"కొత్తగా వచ్చినవాళ్ళెవరూ... బయటికి రండీ...!"

వీధి చివర్నుంచి కేక. దాని వెనకే చేతిగంట — టంగ్... టంగ్...

బస్సు దిగి ఇంటికి నడుస్తున్న జగదీష్ ఉన్నచోటే ఆగిపోయాడు.

1982 నవంబర్. మసాచుసెట్స్‌లో ఆ నెల వచ్చిందంటే సాయంత్రం ఐదింటికే కన్ను పొడుచుకున్నా కనబడదు. వెన్‌బ్రూక్ అనే ఆ ఊరేమో ఇంగ్లండు నుంచి ఓడల్లో వచ్చినవాళ్ళు మూడొందల నలభై ఏళ్ళ కింద కట్టుకున్నది. ఊరి చివర రాతిగోడల బందెలదొడ్డి ఉండేది. ఒకరి చేలో పడ్డ ఇంకొకరి ఆవుల్ని పట్టుకొచ్చి అందులో తోలేసేవాళ్ళట. ఇప్పుడు ఆవుల్లేవు... గోడ ఉంది. ఆ మూలకి మాత్రం భలే చెడ్డపేరు.

ఆ గోడ పక్కిల్లే మన జగదీష్ అద్దెకు తీసుకున్నది!

అంతకుముందు అందులో ఉండి వెళ్ళిన రవికుమార్ ట్రాయ్ అనే ఊరి నుంచి ఫోన్ చేసి మరీ చెప్పాడు. "ఆ రోజుల్లో ఊళ్ళోకి కొత్తవాడొస్తే కానిస్టేబుల్ ఇంటికొచ్చి కాగితం చదివేవాడటోయ్. పద్నాలుగు రోజుల్లో పొమ్మని. వాడు పోయి మూడొందలేళ్ళు... డ్యూటీ మాత్రం దిగలేదు! ఎవరొచ్చినా వాళ్ళ మొదటి నవంబర్లో తలుపు కొడతాడు. కర్టెన్ సందులోంచి నేనే చూశా. నల్లకోటు, పొడుగు కర్ర... పద్నాలుగో రోజుకి ట్రాయ్‌లో తేలా!"

అప్పట్నుంచీ జగదీష్‌కి నిద్ర లేదు. మూడేళ్ళలో నాలుగిళ్ళు మారారు. ఏడేళ్ళ కూతురు రేణు మొట్టమొదటిసారి ఈ ఊళ్ళోనే ఒక స్నేహితురాలిని చెయ్యి పట్టుకుని ఇంటికి తెచ్చుకుంది. "ఇంక నన్ను కదిలించారంటే ఊరుకోను" అని భార్య వసుమతి ముందే చెప్పేసింది. కానీ ఆ తలుపు చప్పుడైతే మర్నాడే ట్రక్ బుక్ చెయ్యాలని అతను లోపల్లోపల అనేసుకున్నాడు. పెళ్ళాంతో ఆ మాట అనే ధైర్యమూ లేదు, పాపం.

గంట ఆగింది.

అంటే... ఎవరింటి ముందో ఆగాడు!

జగదీష్ గోడ వారగా పరుగెత్తాడు. ఆకులు కాళ్ళకింద కరకరమంటున్నాయి. మలుపు తిరిగి చూస్తే —

అతనిల్లే. వీధి తలుపు బార్లా తీసి ఉంది!

సందెవేళ దీపం పెట్టి కాసేపు వీధి తలుపు తీసి ఉంచడం వసుమతి అలవాటు. హీటింగ్ అంతా వీధిలోకి పోతోందే అని ఎంత మొత్తుకున్నా వినదు.

గుమ్మంలో... నల్లకోటు. పొడుగు కర్ర. వెడల్పు అంచు టోపీ. దానికింద ముఖం ఉందో లేదో తెలీదు. చేతిలో కాగితం వణుకుతోంది. పాత బైబిల్ చదివినట్టు ఏదో పాతకాలపు ఇంగ్లీషు... "నీవును, నీ భార్యయు, నీ బిడ్డలును... పద్నాలుగు దినములలో ఈ ఊరు విడిచి..."

జగదీష్ అరవబోయాడు. అంతలోనే గోడ చాటుకి నక్కాడు.

వసుమతి వచ్చి నిలబడింది. కాసేపు వింది. గిరుక్కున లోపలికెళ్ళింది.

'భయపడింది... తలుపు వేస్తుంది... వెయ్యవే తల్లీ...'

వెయ్యలేదు! చేతిలో గిన్నెతో మళ్ళీ వచ్చింది. టోపీ పట్టమని సైగ చేసింది. అది... టోపీ తీసి పట్టింది.

జరజరా బియ్యం పడ్డ చప్పుడు.

తర్వాత ఆ నల్లకోటు మెల్లగా ఒక కాలు ఎత్తి... గడప దాటింది.

తలుపు మూసుకుంది.

లోపల రేణు ఉంది!

ఇంక జగదీష్‌కి భయం గుర్తులేదు. మెట్ల పక్కనున్న మంచు ఎత్తే పార అందుకుని, తలుపుని ఒక్క తాపు తన్ని లోపల పడ్డాడు. "వసూ...!"

సోఫాలో ఓ ముసలాయన. మసకబారిన కళ్ళద్దాలు తుడుచుకుంటున్నాడు.

"డాడీ! ఇట్స్ మిస్టర్ హార్లో! లైబ్రరీ అంకుల్!" రేణు పడీపడీ నవ్వుతోంది.

ఆయన లేచి నిలబడి దండం పెట్టినంత పని చేశాడు. "భయపెట్టానా? క్షమించాలి. ఊరి చరిత్ర సంఘం వేడుక ఇది. ఏటా కొత్తవాళ్ళ గుమ్మంలో ఆ పాత నోటీసు చదివి, చివర్న స్వాగతం చెప్పి, ఆపిల్ పై అనే తీపి వంటకం ఇచ్చి వెళ్తాం. ఈ ఇంట్లోనే ఎవరూ చివరిదాకా వినరు. ఇదివరకటాయన అయితే లైట్లార్పేసి దాక్కున్నాడు!"

"బియ్యమెందుకు పోశావే?" అన్నాడు జగదీష్, పార దించకుండానే.

"బుడబుక్కలవాడి టైపు అనుకున్నానండీ" అని గుసగుసలాడింది వసుమతి. "వాకిట్లో నిలబడి అర్థం కానిదేదో చదివే మనిషిని ఒట్టి చేతుల్తో పంపిస్తామా? వణుకుతున్నాడు కూడానూ. భోజనం చేసి వెళ్ళమన్నా."

జగదీష్ ముసలాయన వైపు తిరిగాడు. "మరి... ఆ పద్నాలుగు రోజులు?"

హార్లో గారు నవ్వలేదు. "మా పూర్వీకులకి 1694లో ఇదే చదివారు బాబూ. ఇంకా సామాన్లు సర్దుకుంటూనే ఉన్నాం."

జగదీష్ పార కిందపెట్టాడు.

"నాలుగో కంచం లేదండీ" అంది వసుమతి. పెళ్ళినాటి కంచాలన్నీ అట్టపెట్టెలోనే ఉన్నాయి. ఎలాగూ మళ్ళీ కదలాలిగా అని మూడేళ్ళుగా దాని టేపు జగదీషే విప్పనివ్వలేదు.

ఇప్పుడు అతనే కత్తి తెచ్చి, చర్రున కోసి, డజను కంచాలూ బయటికి తీశాడు.

పప్పుచారు పొగలు కక్కుతోంది. నలుగురూ కూర్చున్నారు.