మచ్చిక కాని దీపం

"కాస్త మెల్లగా ఊపిరి పీల్చుకోండి. నా దీపం బెదిరిపోతోంది."

కొత్తగా చేరిన తీగల పనివాడితో ఆమె అన్న మొదటి మాట ఇదే. అతను రాగితీగ చుట్టతో గుమ్మంలోనే ఆగిపోయి, నిజంగానే ఊపిరి బిగబట్టి, ముఖం ఎర్రబడేదాకా నిలబడ్డాడు. నవ్వు ఆపుకోవడానికి ఆమె దీపం వంక మహా సీరియస్‌గా చూడాల్సి వచ్చింది.

అది గొడుగులు బాగుచేసే దుకాణం. వెనక గదిలో మాత్రం తలపుతో నడిచే పరికరాలు తయారయ్యేవి. అనుకుంటే వెలిగే దీపాలు, తిరిగే పంకాలు, తెరుచుకునే కిటికీ రెక్కలు. చెయ్యి కదపకుండా పనులు జరిగితే జనం సోమరులైపోతారని నగరపాలకులు వీటిని నిషేధించారు. ఆ ఉత్తర్వు సొంత చేత్తో రాసుకున్నారో, గుమాస్తాల చేత రాయించారో తెలియదు. అందుకే కొనేవాళ్ళు మండుటెండలో కూడా గొడుగు చంకన పెట్టుకుని వచ్చేవారు. వాన పడితేనే తంటా. నిజంగా గొడుగు చిరిగినవాళ్ళు దిగబడేవారు.

దుకాణం ఆమె మేనత్తది. మచ్చిక చెయ్యడం మేనకోడలి పని. తయారైన పరికరాన్ని అరచేతుల మధ్య పెట్టుకుని, అది చెయ్యాల్సిన పనినే తలచుకుంటూ కూర్చోవాలి. దీపమైతే వెలుగు, పంకా అయితే గాలి. ఆ సమయంలో మనసులోకి మనిషి రాకూడదు. వస్తే ఆ పరికరం ఆ మనిషికి తప్ప ఇంకెవరికీ లొంగదు. ఆమె చేతిలో ఇంతవరకు ఒక్కటీ చెడలేదు. తలలో ఏమీ లేకపోవడం కూడా ఒక విద్యేనని అత్తయ్య అనేది. ఆమె దాన్ని మెప్పుగానే తీసుకునేది.

ఎదుట ఆ తీగల పనివాడు ఉంటే పని సాగదని ఆమె ఫిర్యాదు చేస్తే, అత్తయ్య అతని బల్లను ముందు గదికి మార్పించింది. మధ్యలో తెర. అప్పటినుంచి అసలు ఇబ్బంది మొదలైంది. అవతల అతను ఎవరితోనో ఏదో అంటాడు, వాళ్ళు నవ్వుతారు. ఏమన్నాడో ఈమెకు వినపడదు. పైగా గొడుగు ఊచ బిగించడం రావడం లేదంటూ పూటకోసారి తెర తొలగించి సందేహాలు.

అలాంటి రోజుల్లోనే, చేతులు పడిపోయిన ఒక పెద్దావిడ కోసం దీపం ఆర్డరు వచ్చింది. ప్రతిసారీ కూతుర్ని పిలవలేక ఆవిడ చీకట్లోనే ఉండిపోతోందట. ఆమె శ్రద్ధగానే మచ్చిక చేసింది. అత్తయ్య పరీక్షించింది. దీపం ఉలకలేదు, పలకలేదు.

తీగ చూడమని అత్తయ్య అతన్ని పిలిచింది. అతను దీపాన్ని చేతిలోకి తీసుకోగానే వేళ్ళ సందుల్లోంచి వెలుగు చిప్పిల్లింది. చటుక్కున గుప్పిట మూసి, అత్తయ్యకు వీపు తిప్పాడు. కానీ ఆమె చూసింది.

"తీగ మంచిది కాదమ్మగారూ. తప్పు నాదే," అన్నాడు.

మంచం పక్కన పెట్టే దీపానికి నాసి తీగ వేస్తే కాలుతుంది. కాలితే దుకాణం గుట్టు రట్టవుతుంది. ఇక పనిలోకి రావద్దని అత్తయ్య చెప్పేసింది. అతను పటకారు, ఆకురాయి సంచిలో సర్దుకోసాగాడు.

ఊరుకుంటే చాలు, ఆమె బల్ల ఆమెకు ఉంటుంది. నోరు విప్పితే, తనకు తానే ఒప్పుకోని మాట నలుగురి ముందు ఒప్పుకోవాలి. తనకంటే ఆ దీపానికే నిజాయితీ ఎక్కువని ఆమెకు అనిపించింది. అతను సంచి మూతి బిగించాడు.

"తీగ బాగానే ఉందత్తయ్యా," అంది ఆమె. "మచ్చిక చేసేటప్పుడు నా మనసులో ఈయన ఉన్నాడు."

అత్తయ్య కళ్ళద్దాలు తీసి తుడుచుకుని మళ్ళీ పెట్టుకుంది. "ఏదీ, గుప్పిట తెరువబ్బాయ్."

దీపం ఏమాత్రం సిగ్గులేకుండా వెలిగింది.

"తెలిసీ ఎందుకు దాచావు?"

"ఈవిడ చెప్పాల్సిన మాట దీపం చెప్పేస్తే ఏం బాగుంటుందండీ?"

ఆమె తలెత్తలేదు. "మీ సంగతేమిటి మరి?" అని నేలను అడిగింది.

"పొద్దస్తమానం తీగలతో కుస్తీ పట్టేవాణ్ణి. గొడుగు ఊచ బిగించడం రాదంటే ఎలా నమ్మారండీ?"

అత్తయ్య గట్టిగా దగ్గింది. పెళ్ళి మాటలు తర్వాత, పెద్దావిడ చీకట్లో ఉంది, ముందు ఇంకో దీపం పట్టమంది. ఇక తనవల్ల కాదని మేనకోడలు బెంబేలు పడింది. ఇప్పుడు మనసంతా అతనే అయితే వెలుగును ఎక్కడ తలచుకునేది?

"దాచుకున్నదానికే కాపలా కావాలే పిచ్చిదానా. చెప్పేశావుగా," అంటూ అత్తయ్య అతని బల్లను తెర ఇవతలికి లాగించి, ఆమెకు ఎదురుగా వేయించింది.

బయట వాన మొదలైంది. అతను తీగ సాగదీస్తున్నాడు. ఆమె కొత్త దీపాన్ని అరచేతుల్లోకి తీసుకుంది. ఒకసారి కళ్ళెత్తి చూసింది. ఉన్నాడు. కళ్ళు దించుకుని వెలుగును తలచుకుంది, వెలుగునే. ఎదురుగా ఉన్న మనిషిని తలచుకోవలసిన పనే పడలేదు.