మొదట తాకిన చెయ్యి

"అత్తమ్మను తీస్కపోవద్దంటే తీస్కపోవద్దు! ఒక్కసారి చెప్తే సమజ్ కాదా నీకు?"

వంటింట్లోంచి అల్లుడి గొంతు అంత గట్టిగా వినిపించేసరికి కనకవ్వ చేతిలోని చాయ గ్లాసు తొణికి చీర మీద పడింది. జగిత్యాల పక్క పల్లె నుంచి కూతురి పురుడు కోసం బహ్రెయిన్ వచ్చి ఆమెకింకా నెల తిరగలేదు. ఇన్నాళ్ళలో అల్లుడు నర్సింగ్ ఆమె ముందు గొంతు పెంచిందే లేదు! "అత్తమ్మా తిన్నవా, అత్తమ్మా ఏసీ సల్ల ఎక్కువైందా" అంటూ కన్నకొడుకు లాగా చూసుకునే పిల్లవాడు... ఈ శుక్రవారం పొద్దున్నే ఇతనికేమైంది?

"ఎందుకొద్దు?" కూతురు కళ కూడా తగ్గలేదు. "తెలుగు సంఘమోళ్ళు అందర్నీ పిలిచిన్రు. పాత మనామా గల్లీలన్నీ నడిపిచ్చుకుంట చూపిస్తరట. మనోళ్ళు మొదలు యాడ దిగిన్రు, యాడ బతికిన్రు, గుడి, బంగారం బజారు... అవ్వ ఈ జుఫైర్ ఫ్లాట్ల నాలుగు గోడల నడుమ ఉండి ఉండి పిచ్చిదైతున్నది. నన్ను గూడ నడవమని డాక్టరమ్మ చెప్పింది గదా!"

"నీ కడుపుల బిడ్డ ఉన్నది కళా... నువ్వు అత్తమ్మతోని ఆ గల్లీలల్లకు పోవద్దు. నా మాటిను."

అత్తమ్మతోని! ఆ ఒక్క మాట చాలు కనకవ్వ గుండెలో గుచ్చుకోవడానికి. అమ్మా, ఆ బాధ తెలిసినవాళ్ళకే తెలుస్తుంది! తొమ్మిదేళ్ళుగా బొట్టు లేని మొహం ఆమెది. బతుకుతెరువుకు ఈ బహ్రెయిన్‌కే వచ్చిన మగడు మంటల్లో పోయాడన్న కబురు వచ్చిన నాటి నుంచి ఏ శుభకార్యంలోనూ ముందు నిలబడలేదు. సొంత కూతురి పెళ్ళిలో కూడా అక్షింతలు వెయ్యకుండా వంటల దగ్గరే కూర్చుండిపోయింది. "నేనెదురొస్తే పిల్లకు మంచిది కాదు" అని తనంతట తనే తప్పుకుంది. ఇప్పుడు కడుపుతో ఉన్న కూతురి పక్కన నడవడానికి కూడా తను పనికిరాదని అల్లుడు అనుకుంటున్నాడు కాబోలు... కొంగుతో కళ్ళు ఒత్తుకుంది.

"నేను రాను తియ్యి బిడ్డా. మీరిద్దరు పోయిరాండ్రి."

"నువ్వు రాకుంటె నేను గూడ పోను! ఇంట్లనే పడుంట!" కళ ఏడుపు లంకించుకుంది. కడుపుతో ఉన్న పిల్ల ఏడిస్తే ఏ మగడు నిలబడగలడు? నర్సింగ్ తల పట్టుకుని బాల్కనీలోకి వెళ్ళాడు. తడి చీర ఆరేద్దామని అటు వెళ్ళిన కనకవ్వకు అతను ఫోనులో గుసగుసలాడడం వినిపించింది. "ఇయ్యాల దుకాణం తెరవకు... నీ కాల్మొక్కుత, బయటికి రాకు. వాళ్ళు అటే వస్తున్నరు." ఆమెను చూడగానే అతని మొహంలో నెత్తురు చుక్క లేదు. ఎవరు బయటికి రాకూడదు? ఎవరికి భయపడుతున్నాడు ఈ పిల్లవాడు? కనకవ్వ తడి చీర తీగె మీద వేసి లోపలికి వచ్చేసింది. అడగడానికి ధైర్యం చాలలేదు.

బాబ్ అల్ బహ్రెయిన్ ద్వారం దగ్గర అప్పటికే జనం చేరారు. నడిపించే ఆవిడ పేరు కిరణ్మయి. కాకినాడ మనిషి, సంఘంలో చురుకైనది. నీలం గొడుగు ఎత్తి పట్టుకుని గలగలా మాట్లాడేస్తోంది. "ఇటు రండమ్మా, ఇటు! పిల్లల చేతులు వదలకండి. ఒకప్పుడు సముద్రం ఇక్కడిదాకా ఉండేదండీ! మనవాళ్ళు పడవ దిగి తిన్నగా ఈ గల్లీల్లోకే వచ్చేవారు. అయ్యో, అమ్మాయి కడుపుతో ఉందా? మెల్లగా నడువు తల్లీ, అలుపొస్తే చెప్పు, ఆగుదాం."

బట్టల కొట్లు, మసాలాల వాసన, అద్దాల వెనక బంగారు గొలుసులు... సింధీ వ్యాపారులు కట్టుకున్న కృష్ణుడి గుడి దగ్గర పూలమ్మేవాళ్ళు. కళ మల్లెమాల కొనుక్కుని జడలో తురుముకుంది. "అవ్వా, ఎంత మంచిగున్నయో సూడు!" అంది. కనకవ్వ దూరంగా జరిగి నిలబడి నవ్వింది. కానీ గుడి దాటాక గల్లీలు ఇరుకయ్యాయి. పైనుంచి ఏసీల నీళ్ళు టపటపా పడుతున్నాయి. సగం దుకాణాలు మూసే ఉన్నాయి. కిటికీలకు ఆరేసిన లుంగీలు తప్ప ఇక్కడ ఆడమనిషి ఉన్న జాడ ఎక్కడా లేదు. నర్సింగ్ మాటిమాటికీ ముందుకూ వెనక్కీ చూస్తున్నాడు.

"మేడం, ఇగ సాలు. ఎండ ముదిరింది. ఆ గల్లీ వద్దు, వాపస్ పోదాం" అన్నాడు ఒక మలుపు దగ్గర.

"అదేంటండీ! చూడాల్సింది అసలు అదే. ఇంత దూరం వచ్చి మనవాళ్ళ కష్టం చూడకుండా వెళ్ళిపోతామా?" కిరణ్మయి గొడుగు అటు తిప్పింది. జనమంతా ఆమె వెనకే నడిచారు.

గల్లీ మధ్యలో ఒక పాత మేడ. గోడలు ఇంకా నల్లగానే ఉన్నాయి, కిటికీలకు రేకులు కొట్టేశారు. కిరణ్మయి గొంతు తగ్గించింది. "తొమ్మిదేళ్ళ కిందట ఇక్కడ అగ్గిపడిందండీ. ఒక్కో గదిలో ఇరుక్కుని పడుకునేవారు మన కూలివాళ్ళు... చాలామంది తెలంగాణ వైపు నుంచి వచ్చినవాళ్ళే. కొందరినైతే గుర్తుపట్టడానికి కూడా లేకుండా పోయింది. కఫీల్‌ను, అంటే వీసా ఇచ్చిన యజమానిని, వదిలేసి బయట పనిచేసుకునే వాళ్ళ పేర్లు ఎక్కడా ఉండవు కదా..."

ఆ తర్వాతి మాటలు కనకవ్వకు వినపడలేదు. ఇదేనా? తన భీమన్న కాలిపోయింది ఈ గోడల మధ్యేనా? శవం రాలేదు, బూడిద రాలేదు. ఎదురుచూసి ఎదురుచూసి చివరికి కులపెద్దలు గడ్డితో బొమ్మ చేయించి, దాని మీద అతని అంగీ కప్పి, కాష్టం పెట్టించారు. ఆ గడ్డిబొమ్మ ముందు కూర్చోబెట్టే ఆమె గాజులు పగలగొట్టారు, పుస్తెలు తెంపారు! "బాపూ..." అంటూ కళ గోడకు ఆనుకుని వెక్కివెక్కి ఏడుస్తోంది. నర్సింగ్ ఆమెను రెండు చేతులా పట్టుకుని, "దా కళా, నీళ్ళు తాగుదువు, కూసుందువు దా" అంటూ మూల దుకాణం వైపు నడిపించుకుపోయాడు. జనం పక్కకు కదిలారు. కనకవ్వ ఒక్కతే, ఎదురుగా సగం దించి ఉన్న ఒక ఇస్త్రీ దుకాణం షట్టరు పట్టుకుని నిలబడిపోయింది.

ఎవరో డ్రైవరు వచ్చి ఆ షట్టరును దబదబా బాదాడు. "యల్లా భాయ్, జల్దీ నా బట్టలియ్యి!"

"ఇయ్యాల ఖలాస్ భాయ్, దుకాణం బంద్. రేపు రా" అంది లోపలి నుంచి ఒక గొంతు, హిందీలో.

డ్రైవరు గొణుక్కుంటూ వెళ్ళిపోయాడు. కనకవ్వ మాత్రం కదల్లేదు. ఆ గొంతు! పదిహేనేళ్ళు ఒక కప్పు కింద విన్న గొంతు... పెళ్ళాం మరిచిపోతుందా? రెండు చేతులా షట్టరు పైకెత్తింది. ఇస్త్రీ బల్ల వెనక ఒక మనిషి. మెడ నుంచి చెవి దాకా కాలిన మచ్చ, నెరిసిన గడ్డం. ఆమెను చూసి గోడకు అంటుకుపోయాడు.

"దగ్గరికి రాకు కనకా! నన్ను తాకకు! నీకు దండం పెడుత..."

భీమన్న! బతికి ఉన్నాడు! కనకవ్వ ఆ గడప మీదే కూలబడింది. నవ్వో ఏడుపో ఆమెకే తెలియని శబ్దం ఒకటి గొంతులోంచి వచ్చింది.

"నేను సావలే..." అతనే చెప్పాడు, కన్నీళ్ళు తుడుచుకోకుండానే. "ఒళ్ళు కాలి నెలలకు నెలలు దవాఖానల పడున్న. పేరు లేదు, కాగితం లేదు. లేసి కూసున్ననాడే ఇంటికి ఫోన్ జేసిన. మా అవ్వ ఎత్తింది. 'అవ్వా, నేను భీమన్నను' అన్న. అంతే... అటు నుంచి పడ్డ సప్పుడు. మల్ల అన్నకు చేస్తె, 'నీ ఫోనుకే అవ్వ పానం పోయింది, నీ కర్మ చేసి వారమైంది, కర్మ అయినోడు ఇంటికి రావొద్దు' అన్నడు."

కనకవ్వకు ఆ రోజు కళ్ళ ముందు మెదిలింది. పొలం నుంచి వచ్చేసరికి అత్త ఫోను పట్టుకునే నేల మీద పడి ఉండడం, ఆ ఫోను ఎవరు చేశారో బావ చెప్పకపోవడం... ఆ ఇంట్లో పెద్దలందరికీ తెలిసిన మాటే ఇది. కర్మ జరిగినవాడు తిరిగొస్తే, ఇంటివాళ్ళలో మొదట ఎవరు తాకితే వాళ్ళను తీసుకుపోతాడని! మీరు నమ్మకపోవచ్చు తల్లీ, నమ్మినవాడు మాత్రం తొమ్మిదేళ్ళు ఈ చీకటి కొట్లో దాక్కున్నాడు.

"అల్లునికి ఎర్కేనా?"

"ఎర్కే. ఇంట్ల నా ఫోటో చూసినోడు గదా, పోయినేడు ఈ గల్లీల దొరకవట్టిండు. ఒట్టు పెట్టిచ్చుకున్న. కళ కడుపుతోని ఉన్నది కనకా... నన్ను చూసిందంటె ఉరికొచ్చి మీద పడ్తది. ఆ పిల్లకు, కడుపుల బిడ్డకు ఏమన్నైతే? పో! నన్ను సూడనట్టే పో!"

అంతదాకా ఏడ్చిన మనిషికి అప్పుడు వచ్చింది కోపం! "సూడనట్టు పోవాల్నా? తొమ్మిదేండ్లు నేనెట్ల బతికిన్నో ఎర్కేనా నీకు? బొట్టు లేదు, పువ్వు లేదు. పొద్దుగాల నేనెదురొస్తే మంది ఉమ్మేసి వెనుకకు తిరిగిన్రు. బిడ్డ పెండ్లిల నా చేతితోని నాలుగు గింజలు ఎయ్యలే. నువ్వు బతికుండంగ నన్ను ముండను చేసినవ్! ఒక్కసారి... ఒక్కసారి 'కనకా, నేనున్న' అంటే ఏం పోయేది? సావు నాకొస్తదని భయపడ్డవా? ఆ బతుకు సావు గాదా?"

భీమన్న తల వంచుకున్నాడు. నిజంగానే అతనికి ఇల్లు గుర్తొచ్చింది, పిల్ల గుర్తొచ్చింది, చావు గుర్తొచ్చింది. పెళ్ళాం బోసి మొహం మాత్రం తోచలేదు. మగవాళ్ళకు ఆ లెక్క తోచదమ్మా!

"బాపూ!"

గల్లీ మూల నుంచి గుండెలు పగిలేలా కేక! నర్సింగ్ చెయ్యి విదిలించుకుని, ఒక చేత్తో కడుపు పట్టుకుని కళ పరిగెత్తుకొస్తోంది. వెనక కిరణ్మయి "అమ్మాయీ, పడతావు, పడతావు!" అని అరుస్తోంది. భీమన్న చేతులు వెనక దాచుకుని, "వద్దు బిడ్డా, రాకు, రాకు!" అని కేకలు పెడుతున్నాడు. వెనక్కి పోవడానికి ఆ కొట్లో చోటెక్కడిది? గడప దాటితే రెండంగల్లో కళ తండ్రి మీద పడుతుంది.

కనకవ్వ లేచింది. "ఆగు కళా! నా మీద ఒట్టు, ఆడనే ఆగు!" ఆ గొంతుకు కళ నిలువునా ఆగిపోయింది. కనకవ్వ బల్ల చుట్టూ తిరిగి వెళ్ళింది. వెనక దాచుకున్న ఆ కాలిన చేతిని లాగి, తన రెండు చేతుల్లోకి తీసుకుని, గట్టిగా గుండెకు హత్తుకుంది. భీమన్న కెవ్వుమన్నాడు. "ఎంత పని చేసినవే! ఎంత పని చేసినవే కనకా!"

"మొదలు నేను తాకిన" అంది కనకవ్వ, చుట్టూ ఉన్నవాళ్ళందరికీ వినబడేలా. "ఏమొచ్చినా నాకే రావాలె. ఇగ రా బిడ్డా... మీ బాపును పట్టుకో."

కళ తండ్రి గుండెల మీద తల పెట్టి ఎంత ఏడ్చిందో! కిరణ్మయి గొడుగు ఎక్కడో పడేసి తనూ ఏడ్చింది. నర్సింగ్ అత్త కాళ్ళ మీద పడ్డాడు. "నిన్ను తప్పించాలని గాదత్తమ్మా... మామ పెట్టిన ఒట్టు దాటలేకపోయిన" అన్నాడు. "లే కొడుకా, నిన్ను తప్పుగ అనుకున్న, నన్నే నువ్వు మన్నించాలె" అంటూ లేవనెత్తింది ఆమె. వెనక్కి వెళ్ళేటప్పుడు గుడి దగ్గర ఆగి, భీమన్న చేత నుదుట కుంకుమ పెట్టించుకుంది. అతని వేలు వణికి బొట్టు ముక్కు మీదికి జారింది. ఆమె తుడవనివ్వలేదు.

ఆ నెలాఖరున కళకు ఆడపిల్ల పుట్టింది. తల్లీ బిడ్డా క్షేమం! భీమన్న కాగితాల కోసం నర్సింగ్ ఎంబసీ చుట్టూ తిరుగుతున్నాడు. ఇల్లంతా సంతోషమే... కానీ ఒక్కటే భయం. మనవరాలికి నలుగు పెట్టి, తాత చేతికిచ్చి వస్తూ కనకవ్వ ఒక పూట రొమ్ము పట్టుకుని గోడకు ఒరిగింది. చెమటలు కారుతున్నాయి. మంచం మీదున్న కళ చూడనే చూసింది. వారం నుంచి మెట్లెక్కితే ఆయాసమొస్తోందని, ఎవరికీ చెప్పడం లేదని అప్పుడు తెలిసింది.

"దవాఖానకు పోదాం నడువు! అవ్వా, ఆనాడు నన్నెందుకు ఆపినవో నర్సింగ్ చెప్పిండు..." కళ తల్లి చేతులు పట్టుకుని బావురుమంది. "నా కొరకు ఇంత పని చేసినవా? నా సావు నీ మీద ఏసుకున్నవా?"

కనకవ్వ కూతురి కన్నీళ్ళు కొంగుతో తుడిచింది. లోపలి గదిలో భీమన్న చంటిదానికి ఏదో జోల పాడుతున్నాడు. ఆమె ఆ గొంతు వైపు చెవి ఒగ్గింది. తర్వాత సిగ్గుపడుతూ, గొంతు తగ్గించి చెప్పింది.

"దవాఖానకు పోదాం తియ్యి, నేనేమన్న వద్దంటున్ననా? కానీ అంతా నీ కొరకే అనుకోకు పిల్లా... నా కొరకు గూడ తాకిన. ఎన్నడు రాసి ఉంటె అన్నడు పోత. ముత్తైదువ పోయినట్టు పోత."

నుదుటి మీద చెమటకు చెదిరిన కుంకుమ సరిచేసుకుని, చెప్పులు వేసుకోవడానికి లేచింది.