తుడిచేసిన ముఖం

చిత్రకారుడు పొద్దున్నే డిటెక్టివ్ ఆఫీసుకి వచ్చాడు. ముప్పయ్యేళ్ళు పరాయిదేశంలో తలదాచుకుని, అక్కతో కలిసి తిరిగొచ్చాక అతను పెడుతున్న మొదటి ప్రదర్శన ఆ సాయంత్రమే. అందులో ముఖ్యమైన బొమ్మను ఎవరో పాడుచేశారు.

"ఎవరో ఏంటి, బొమ్మలకి చట్రాలు కట్టేవాడే. మీరు రుజువు చూపిస్తే పోలీసులకి అప్పగిస్తాను," అన్నాడు.

డిటెక్టివ్ వెంటనే చెప్పులేసుకుంది. అసిస్టెంటు నోటుపుస్తకం తీసుకుని ఆవిడ వెనకే నడిచాడు.

ప్రదర్శన హాల్లో ఆరడుగుల వెడల్పు బొమ్మ. ఒక ఇంటి ముందు సైనికులు. పక్కనే ఒకాయన చెయ్యెత్తి ఇంటివైపు చూపిస్తున్నాడు. ఆయనకు ముఖం లేదు. రంగుని కరిగించే టర్పెంటైన్‌లో ముంచిన గుడ్డతో ఎవరో తుడిచేశారు.

"మా నాన్నని పట్టుకెళ్ళిన రోజిది. నాకప్పుడు ఆరేళ్ళు. పట్టించింది పక్కింటాయన, ఈ చట్రాలాయన తండ్రి. ఆ ముఖం మొన్న ఆఖర్న వేశాను, ఇంకా ఆరలేదు. నిన్న బొమ్మ తగిలించింది ఇతను. రాత్రి హాలు తాళం ఇతని దగ్గరే ఉంది. పొద్దున నేనొచ్చి గుడ్డ తీస్తే ఇలా ఉంది."

"గుడ్డ చుట్టి వచ్చింది, అలాగే తగిలించాను," అన్నాడు తలుపు దగ్గర నిలబడ్డ చట్రాలాయన. "లోపలేముందో నాకు తెలీదు. మా నాన్న గురించి ఊరంతా అనే మాట మాత్రం తెలుసు. ఆయన పోయేదాకా మా గడప ఎవరూ తొక్కలేదు."

అసిస్టెంటు బొమ్మ దగ్గరికెళ్ళి చూశాడు. తుడిచిన చోటినుంచి రంగు చారలుగా కారింది. "మేడమ్, ఈ చారలు కిందికి లేవు. అడ్డంగా పోయాయి."

డిటెక్టివ్ తలూపి చిత్రకారుడి వైపు తిరిగింది. "ఇంట్లో దీన్ని ఎలా పెట్టారు?"

"గది ఇరుకు. పనయ్యాక పక్కకి తిప్పి, నిలువుగా గోడకి ఆనించాను."

"గుడ్డ చుట్టిందెవరు?"

"అక్క. నేను బండికోసం వెళ్ళాను."

మధ్యాహ్నం అక్కని కూడా పిలిపించి, ముగ్గురినీ బొమ్మ ముందు కూర్చోబెట్టింది డిటెక్టివ్.

"గోడ మీదుండగా తుడిస్తే రంగు కిందికి కారాలి. అడ్డంగా కారిందంటే, బొమ్మ పక్కకి తిరిగి ఉండగానే తుడిచారు. అలా ఉన్నది మీ ఇంట్లోనే. ఆ తర్వాత గుడ్డ చుట్టింది ఒక్కరే."

అక్క తల దించుకుంది.

"ఆ రోజు నాకు పదకొండేళ్ళు. 'నాన్నతో ఒక్క మాట మాట్లాడాలమ్మా, ఎక్కడున్నారు?' అని సైనికులు మంచిగా అడిగారు. వెనకగది నేనే చూపించాను. పక్కింటాయన చెయ్యెత్తింది వాళ్ళని ఆపడానికి. మొన్న నువ్వు ఆయన ముఖం వేస్తుంటే చూస్తూ నిలబడ్డాను. చెప్పడం చేతకాలేదు. తుడవడం చేతనైంది."

"ఇన్నేళ్ళూ ఎందుకు చెప్పలేదక్కా?"

"చెప్తే నీకు నేను కూడా మిగలనేమోనని."

చిత్రకారుడు అక్క చెయ్యి పట్టుకున్నాడు. తర్వాత చట్రాలాయన వైపు తిరిగి చేతులు జోడించాడు.

చట్రాలాయన బొమ్మ వైపు చూశాడు. "ఎవరైనా పలకరిస్తారని మా నాన్న తొమ్మిదేళ్ళు వీధరుగు మీద కూర్చున్నాడు. ఈ మాట మనం ఐదుగురం వింటే చాలదు. సాయంత్రం ఊరొస్తుంది. వాళ్ళకి చెప్పాలి."

"చెప్తాను," అంది అక్క.

ఐదింటికి హాలు నిండింది. అక్క వెళ్ళి బొమ్మలోని ముఖంలేని మనిషి పక్కన నిలబడింది. చట్రాలాయన కుర్చీ తెచ్చి ఆమె వెనక వేశాడు.

"కూర్చుని చెప్పమ్మా."

ఆమె కూర్చోలేదు. "ఇక్కడ వేలు చూపిస్తూ ఉండాల్సింది ఈయన కాదు, నేను," అని మొదలుపెట్టింది.