మూడు దెబ్బలు, ఆగి ఏడు

హెస్టర్ గూచ్ కుర్చీ అంచున కూర్చుంది. పక్కనున్న కూతురు నెల్ చెయ్యి మాత్రం వదల్లేదు.

"మూడు రోజులుగా తెల్లారేసరికి మా చర్చిలో చావుగంట మోగుతోందయ్యా. మూడు దెబ్బలు, ఆగి మళ్ళీ ఏడు. చూస్తే ఊళ్ళో ఎవరూ పోలేదు."

ప్రైవేట్ డిటెక్టివ్ ఆంబ్రోజ్ వేల్ తన సహాయకురాలు ఐవీ వైపు చూశాడు. ఆమెదీ ఇంగ్లండులోని సఫోక్ ప్రాంతపు పల్లెటూరే.

"మగవాడు పోతే తొమ్మిది, ఆడమనిషికి ఆరు, పిల్లలకి మూడు. తర్వాత వయసెంతో అన్ని దెబ్బలు సార్," అంది ఐవీ.

"పిండిమర వాళ్ళబ్బాయికి ఏడేళ్ళు. వాడికోసమేనని ఊరంతా వణుకుతోంది. కాదు, నా నెల్ కోసమే." హెస్టర్ గొంతు తగ్గించింది. "ఇది నా పెళ్ళికి ముందు, వేరే ఊళ్ళో పుట్టింది. ఊరికి ఆరేళ్ళని చెప్పాను. నిజం తెలిసిన పాత పాస్టర్‌గారు పోయారు. మరి గంటకెలా తెలిసింది? చర్చి చరిత్ర రాస్తున్న ప్రయర్‌గారు కూడా జాలిపడి, 'పిల్లని తీసుకుని ఊరొదిలి పో హెస్టర్, చర్చి ఊడవడానికి ఇంకెవరైనా దొరుకుతారు' అన్నారు. రేపే వెళ్ళిపోతున్నాం."

"ఒక్కరోజు ఆగమ్మా," అన్నాడు వేల్.

మర్నాడు, ఆరువందల ఏళ్ళ ఆ చర్చి రాతిగోడల మధ్య చెమ్మ వాసన. గంట కొట్టే ముసలి జేబెజ్ తాడు పక్కనే ముఖం ముడుచుకుని కూర్చున్నాడు.

"ఊరంతా నన్నే అంటోంది దొరా. తాడు కుక్క లాగినా గంట మోగుతుంది. తిట్లు మాత్రం నాకు."

"హెస్టర్ కూతురికి వయసెంత?"

"ఆరు. ఎందుకూ?"

వేల్ లోపలికి నడిచాడు. చర్చి పుస్తకాలుండే మూడు తాళాల పాత పెట్టెను పోయిన నెల ప్రయర్ కోసమే తెరిచామని కొత్త పాస్టరు చెప్పాడు. అందులోని బాప్టిజం పుస్తకంలో, నెల్ పేరు పక్కన, పుట్టిన తేదీ ఐవీ కంటపడింది. హెస్టర్ ప్రతి శనివారం ఎత్తి దులిపే చాపను వేల్ పైకెత్తాడు. కింద సమాధిరాతికి బిగించిన పాతకాలపు వీరుడి ఇత్తడి రేకుబొమ్మ సగం ఊడివుంది.

సాయంత్రం ఊరివాళ్ళందరినీ చర్చిలో ముందు బల్లల మీద కూర్చోబెట్టాడు.

"ఊరు పిండిమర అబ్బాయి గురించి భయపడింది. హెస్టర్‌ని మాత్రం ఒక్కరే పొమ్మన్నారు. ఎందుకు ప్రయర్‌గారూ?"

"జాలి కూడా నేరమా?" నవ్వాడు ప్రయర్.

వేల్ హెస్టర్ వైపు తిరిగాడు. "మిగతాది నేను చెప్పకూడదమ్మా. నువ్వు చెప్పకపోతే ఈయన తప్పించుకుంటాడు."

హెస్టర్ నెల్‌ని దగ్గరికి లాక్కుంది. ఈ మాట నోరు దాటితే ఊళ్ళో తలెత్తుకోగలదా? అయినా లేచింది.

"నా నెల్‌కి ఏడేళ్ళు. నా పెళ్ళై ఇంకా ఏడేళ్ళు నిండలేదు."

తలలన్నీ ఆమె వైపు తిరిగాయి.

"ఆ వయసు బాప్టిజం పుస్తకంలోనే ఉంది," అన్నాడు వేల్. "అది చదివిన మీరు, ఊరందరికీ తెలిసిన సంగతేననుకున్నారు. చాప ఎత్తే మనిషిని తరమడానికి ఆమె బిడ్డకి చావుగంట కొట్టారు. ఎంతో ఖరీదు చేసే ఆ ఇత్తడి బొమ్మ ఊడదీసి పట్టుకుపోదామని."

ప్రయర్ లేచి తలుపు వైపు అడుగేశాడు. ఐవీ అప్పటికే తలుపుకి అడ్డంగా నిలబడి వుంది.

జేబెజ్ గొణిగాడు. "ఏడా? మరి పొట్టిగా ఉందేం? సరిగ్గా తిండి పెట్టమ్మాయ్."

ఎవరో నవ్వారు. హెస్టర్ ఏడ్చింది.

ఆదివారం ప్రార్థనకి గంట మోగింది. హెస్టర్ నెల్ చెయ్యి బిగించి లెక్కపెట్టింది. పది దాటాక గానీ వదల్లేదు.