నాలుగో ఎలుక

మంగళవారం, అమావాస్య. మధ్యాహ్నం పన్నెండు గంటల పది నిమిషాలు. మిర్యాలగూడలో మూతపడిన ఒక రైస్ మిల్లు.

ఉరుము లేదు, మబ్బు లేదు. రేకుల కప్పు ఎండకు టక్కుటక్కుమంటోంది. దూలం మీద ఒక గుడ్లగూబ పట్టపగలు కళ్లు తెరిచి కిందికి చూస్తోంది.

కింద వీరేందర్ కూర్చున్నాడు. ఎదురుగా పుర్రె. దానికి కింది దవడ లేదు. పుర్రె పక్కన మూత ఉన్న ప్లాస్టిక్ డబ్బా, అందులో మూడడుగుల పాము. అతని ఎడమచేతిలో మిల్లు ఎలుక కొట్టుకుంటోంది. దాని తోకకు ఒక ఆడమనిషి వెంట్రుక ముడి వేసి ఉంది. స్టాండు మీద సెల్‌ఫోన్ ఇదంతా రికార్డు చేస్తోంది.

"ఓం హ్రీం క్రీం... కాళనాగినీ, భక్షయ భక్షయ... సుక్కి పాదౌ భక్షితౌ... హస్తౌ భక్షితౌ... వాక్కు భక్షితం... ప్రాణం భక్షయ! భక్షయ!"

ఎలుకను డబ్బాలోకి వదిలాడు. పాము మూడు నిమిషాలు కదల్లేదు. నాలుగో నిమిషంలో కొట్టింది. చుట్టింది. తల వైపు నుంచి మింగింది. తోక, దానికున్న వెంట్రుక చివరగా లోపలికి పోయాయి.

అదే నిమిషంలో, సూర్యాపేటలో ఒక ఆసుపత్రి మంచం మీద సుక్కి నోరు తెరిచింది. గాలి అందలేదు.

సుక్కికి ఇరవై ఆరేళ్లు. వాళ్లది చివ్వెంల దగ్గర తండా. మఠంపల్లి అవతల ఒక ఊళ్లో నర్సుగా పనిచేస్తుంది. ఫిబ్రవరిలో ఆ ఊరి పిల్ల ఒకతెకు పచ్చకామెర్లు వచ్చాయి. ఆరేళ్ల పిల్ల. వైద్యం అని వీరేందర్ ఆ పిల్ల చేతుల మీద, పొట్ట మీద కాల్చిన తీగతో వాతలు పెట్టాడు. ఏడు వాతలు. ఎనిమిదోది పెడుతుండగా సుక్కి వచ్చింది. పిల్లను లాక్కుంది. ఆ పెనుగులాటలో ఆమె జుట్టు కొంత అతని పిడికిట్లో ఉండిపోయింది. వాకిట్లో ఉన్న నలభై మంది ముందు ఆమె ఒక మాట అంది: "వీడు మంత్రగాడు కాదు. వీడు పోరగాండ్లను కాల్చుకుతినేటోడు."

పిల్ల కోదాడ ఆసుపత్రిలో బతికింది. వీరేందర్ దగ్గరికి జనం రావడం మానేశారు.

మార్చి చివరి నుంచి ప్రతి మంగళవారం ఒక ఎలుక. మొదటి ఎలుకకు సుక్కి కాళ్లు పోయాయి. రెండో దానికి చేతులు. మూడో దానికి మాట. డాక్టర్లు చేయని పరీక్ష లేదు. ఏ రిపోర్టులోనూ ఏమీ లేదు. ప్రతి మంగళవారం సాయంత్రం సుక్కి ఫోన్‌కు ఒక వీడియో వచ్చేది.

నాలుగో వీడియోను సుక్కి తల్లి ద్వాళి, ద్వాళి తమ్ముడు మోతీలాల్ వార్డు బయట నిలబడి చూశారు. మోతీలాల్ ఆటో నడుపుతాడు. వీడియో చివర వీరేందర్ కెమెరాకు దగ్గరగా వచ్చాడు.

"పానం గూడ పోయింది. ఇది అరిగేదాకనె నీ బిడ్డకు టైమ్. ఎవడన్న ఇప్పాలని సూస్తె ఆని మీదికే పోతది. ఖబర్దార్!"

మోతీలాల్ ఫోన్ జేబులో పెట్టబోయాడు.

"ఆగుర," అంది ద్వాళి. "ఆ డబ్బ మీద ఏందో కాయితం అంటుకోనున్నది. ఏం రాసిండ్రు?"

మోతీలాల్ బొమ్మను పెద్దది చేశాడు. "వినయ్ మొబైల్స్, కోదాడ."

"నువ్వు పిల్ల కాడ ఉండు. నేను పోతన్న."

"సెల్‌ఫోన్ల దుకాణమోడు పామును ఏం జేస్తడక్కా? సిమ్ము ఏస్తడా?"

"పోయి అడిగితె తెలుస్తది."

బుధవారం పొద్దున సుక్కి ఫోన్ తీసుకుని మొదటి బస్సుకు ఆమె కోదాడ వెళ్లింది. వినయ్ అప్పుడే షట్టర్ ఎత్తుతున్నాడు. ముప్పై ఏళ్లుంటాయి. వీడియో చూసి స్టూలు మీద కూలబడ్డాడు.

"మా లడ్డు!"

"పామును లడ్డు అంటున్నవా?"

"ముట్టుకుంటే లడ్డులా చుట్టుకుపోతుందమ్మా. బాల్ పైథాన్ అంటారు, ఆఫ్రికా జాతి. విషం లేదు. నేను పెంచుకున్నా. వాడు కాళనాగిని, కాళనాగిని అంటున్నాడు కదా... అది మగది."

ద్వాళి నవ్వలేదు. "ఆనికెందుకిచ్చినవ్?"

"నేనివ్వలేదు. నేను ఊళ్లో లేనప్పుడు వచ్చాడు. ఇంట్లో పాము ఉంది కాబట్టే నీ కొడుక్కి పెళ్లి కావట్లేదని మా అమ్మకు చెప్పాడు. అమ్మ డబ్బాతో సహా ఇచ్చేసింది. రెండుసార్లు ఆ మిల్లుకు వెళ్లి అడిగా. మూడోసారి వస్తే నా పేరున ఎలుక వేస్తానన్నాడు. ఇక పోలేదు."

"నీ పేరనంగనె ఆగినవ్. నా బిడ్డ పేరుకు నాలుగు పడ్డయ్."

వినయ్ వీడియోను మళ్లీ మొదటికి తిప్పాడు. పాము ఒంటిని వేలితో చూపించాడు. చర్మం కింద ఒకదాని వెనక ఒకటి, నాలుగు ఉబ్బులు.

"ఎలుక అయిదారు రోజుల్లో అరిగిపోవాలమ్మా. నాలుగు వారాలవీ అట్లాగే ఉన్నాయి. దీని కడుపులో ఉన్నది ఎలుకలు కాదు."

"నా బిడ్డ ఉన్నది. ఎట్ల బయటికొస్తది?"

"మేత తిన్నాక రెండు రోజులు పామును ఎత్తకూడదు. ఎత్తితే భయపడుతుంది. కడుపు బరువుతో పారిపోలేదు. అందుకని కక్కేస్తుంది."

"అయితె వచ్చి ఎత్తు."

"నా చేతికి భయపడదు. రెండేళ్లు పెంచాను. కొత్త చెయ్యి కావాలి."

ద్వాళి తన చేతులు చూసుకుంది. ముప్పై ఏళ్లు పత్తి ఏరిన చేతులు. "బండి తియ్యి," అంది.

"విప్పినవాళ్ల మీదికి పోతుందన్నాడు కదమ్మా..."

"పోనీ. బండి తియ్యి."

హుజూర్‌నగర్ దాటుతుండగా మోతీలాల్ ఫోన్ చేశాడు. "అక్కా, పెదవులు నీలమైతున్నయి. గొంతుల పైపు ఏస్తమంటున్నరు. జల్దీ!"

"ఫోన్ పెట్టెయ్యకు. స్పీకర్ల పెట్టి పిల్ల పక్కన ఉంచు," అంది ద్వాళి. తన ఫోన్ నడుము దగ్గర చీర కుచ్చిళ్లలో దోపుకుంది.

మిల్లు చేరేసరికి మధ్యాహ్నం పన్నెండు. వినయ్ తలుపు పక్కన గోడ వారకు నిలబడ్డాడు. ద్వాళి ఒక్కతే లోపలికి వెళ్లింది. దూలం మీద గుడ్లగూబ ఒకసారి కూసింది.

వీరేందర్ ఆమెను చూసి నవ్వాడు.

"వస్తవని తెలుసు. నలుగురిల నన్ను అన్న నోరేది ఇప్పుడు? యాడున్నది? ఏడువ్, నా కాళ్ల మీద పడి ఏడువ్!"

"నీ కాళ్లెందుకు? తిన్నది పాము. దానికి మొక్కుత."

ఆ మాట అతనికి నచ్చింది. డబ్బా మూత తనే తీశాడు. "మొక్కు. ముట్టి మొక్కు. నీ బిడ్డ దాని పొట్టల ఉన్నది. చేతికి తగుల్తది సూడు."

ద్వాళి వంగింది. రెండు చేతులూ పాము కిందికి పోనిచ్చి ఎత్తింది. ఆమె జీవితంలో పామును ముట్టడం అదే మొదలు. బరువుగా ఉంది. నాలుగు ఉబ్బులూ అరచేతులకు తగిలాయి. నాలుగోది కొట్టుకుంటోంది.

పాము బిగుసుకుంది. మెడ ఒక పక్కకు వంచింది. దవడలు విడిపోయాయి. అప్పుడు వీరేందర్‌కు అర్థమైంది.

"ఇడువు! దింపు దాన్ని! నీ మీద పడతది... సస్తవ్!"

"పడనియ్!"

అతను మీదికి వచ్చాడు. ఆమె భుజంతో నెట్టింది. పాము నోట్లోంచి చివర మింగిన ఎలుక ముందుగా నేల మీద పడింది. తడిగా, చెక్కుచెదరకుండా, తోకకు వెంట్రుకతో. నడుము దగ్గర ఫోన్‌లో మోతీలాల్ అరుస్తున్నాడు.

"ఊపిరి తీసిందక్కా! డాక్టర్ సాబ్, ఊపిరి తీసింది!"

రెండోది పడింది. ఫోన్‌లో మోతీలాల్ గొంతు ఆగింది. ఇంకో గొంతు వినిపించింది, తండా భాషలో అమ్మను పిలుస్తూ. "యాడీ..."

ద్వాళి కళ్లు మూసుకుంది. చేతులు దించలేదు. మూడోది. నాలుగోది.

"మామా, జరుగు, నన్ను లేవనియ్," అంటోంది సుక్కి.

మిల్లులో చప్పుడు ఆగింది. రేకుల మీద ఎండ చప్పుడు కూడా. నేల మీది నాలుగు ఎలుకలు ఒకదాని తర్వాత ఒకటి బూడిదయ్యాయి. గుడ్లగూబ దూలం మీద లేదు. గాలి కదల్లేదు, కాని బూడిద నేల మీద గీతలా పాకింది. ద్వాళి పాదాల దాకా వచ్చింది. ఆమె జరగలేదు. బూడిద ఆమె పాదాలను చుట్టి, పక్కకు తిరిగి, మేత పెట్టిన వాడి వైపు వెళ్లింది.

వీరేందర్ పరుగెత్తబోయాడు. కాళ్లు రాలేదు. బోర్లా పడ్డాడు.

చేతులు ఇంకా పనిచేస్తున్నాయి. మోచేతుల మీద పాకి ఆమె చీర అంచు పట్టుకుని పోగు ఒకటి తెంపాడు. పక్కనున్న ఎలుకల బోనులోంచి ఇంకో ఎలుకను లాగి తోకకు పోగు చుట్టాడు. ద్వాళి అప్పటికే పామును డబ్బాలో పెట్టింది. అతను ఎలుకను అందులోకి విసిరాడు.

"సుక్కి తల్లి... భక్షయ! దీని ప్రాణం భక్షయ! తిను... తినవే!"

పాము చుట్టుకుంది. తలను చుట్టల మధ్యకు లాక్కుంది. బంతి అయింది. ఎలుక దాని మీదికి ఎక్కి మీసాలు దువ్వుకుంది.

వినయ్ లోపలికి వచ్చాడు. ఎలుకను తోక పట్టి తీసి, పోగు విప్పి, తలుపు బయట వదిలేశాడు. "తినదు," అన్నాడు. "కక్కిన పాము పది రోజులు మేత ముట్టదు."

వీరేందర్ చేతులు నేలకు జారాయి. ఏదో మంత్రం ఎత్తుకున్నాడు. మొదటి అక్షరం దగ్గర నోరు ఆగిపోయింది. కళ్లు మాత్రం కదులుతున్నాయి. డబ్బా వైపు, ద్వాళి వైపు, మళ్లీ డబ్బా వైపు. ఛాతీ ఎగిరి పడుతోంది.

పాముకు ఇంకో ఎలుకను వేయమని ఆ చూపు అడుగుతోందని ద్వాళికి తెలుసు. పక్కన గొంతుక్కూర్చుంది.

"తినదంట," అంది. "పది దినాలు ఆగు."

అతను పదకొండు నిమిషాలు ఆగాడు. ఆ తర్వాత ఛాతీ ఎగరలేదు.